వండినవాళ్ల మొదటి ముద్ద

మా అత్తగారు వంట చేస్తూ ఒక్క చుక్క కూడా నాలుక మీద వేసుకుని ఎరగరు. ఉప్పు సరిపోయిందో లేదో, పులుపు ఎక్కువైందో ఆవిడకి ముక్కే చెప్పేది. మట్టి దాక మీద మూత కాస్త పక్కకి జరిపి, వచ్చే ఆవిరి మీదకి ముఖం వంచి, కళ్లు మూసుకుని ఒక్కసారి పీల్చేవారు. "ఇంకో రవ్వ పడాలి" అని చిటికెడు ఉప్పు వేసేవారు. దాంతో కూర సరిగ్గా కుదిరేది. వండుతూ రుచి చూస్తే అది ఎంగిలి, ఎంగిలి కూర ఇంకొకరికి పెట్టకూడదు. ఆవిడ నమ్మకం అది.

పెళ్లయిన కొత్తలో నేను ఉప్మా చేస్తూ గరిట చివర అరచేతిలో కొట్టుకుని నాకాను. ఆవిడ చూశారు. గిన్నె తీసుకెళ్లి వీధిలో ఆవుకి పెట్టేసి వచ్చి, మళ్లీ రవ్వ వేయించడం మొదలుపెట్టారు. తిట్టినా బాగుండేది. ఆ రోజు నుంచి వంటింట్లో నా పని ఉల్లిపాయలు తరగడం వరకే అని ఇద్దరికీ అర్థమైపోయింది. నిజం చెప్పాలంటే నాకూ అంతకుమించి అక్కర్లేదు. బతిమాలి చేతికిచ్చినా ఆ వంటిల్లు పుచ్చుకునేదాన్ని కాదు.

మాది భీమవరం వైపు. మా ఆయన అమీర్‌పేటలో ఒక ఇన్‌స్టిట్యూట్‌లో కంప్యూటర్ పాఠాలు చెప్పేవారు. ప్రతి మేడకీ పై నుంచి కింద దాకా కోర్సుల బోర్డులు వేలాడే రోజులవి. కూరగాయలకి వెళ్లొస్తే సంచీలో వంకాయలతో పాటు కరపత్రాలు కూడా వచ్చేవి. ఎక్కడెక్కడి ఊళ్ల నుంచో వచ్చిన పిల్లలు ఒక్కో గదిలో అరడజను మంది సర్దుకుని, అన్నం వాళ్లే వండుకుని, కూర మాత్రం బయట కొనుక్కునేవారు. మామగారు హెడ్మాస్టరుగా రిటైరై అత్తగారితో మా దగ్గరికి వచ్చేశాక, మా అద్దింటి ముందు గదికి షట్టరు ఉండటం చూసి, కర్రీ పాయింట్ పెడదామన్నది అత్తగారే. వీధిలో మిగతావాళ్లు పప్పూ దొండకాయా అమ్ముతుంటే ఈవిడ చేపల పులుసు, రొయ్యల ఇగురు పెట్టారు. ఆవిడ వండేవారు. మామగారు ప్లాస్టిక్ కవర్లలో పోసి, మూతికి ముడేసి, పిల్లల చేతికిచ్చేవారు.

పక్క షట్టరులో టైలరు ఉండేవాడు. సిరిసిల్ల మనిషి. తాతలు మగ్గం నేశారు, ఇతను మిషన్ తొక్కుతున్నాడు. అత్తగారిని పెద్దమ్మా అనేవాడు.

"పెద్దమ్మా, నీ పులుసు వాసన నా మిషన్ దాంక వస్తున్నది. చెయ్యి ఆగిపోతున్నది. గిరాకీలు నన్ను తిడుతున్నరు," అనేవాడు.

"అయితే తినేసే కుట్టు. నన్నెందుకంటావు?" అనేవారు అత్తగారు.

ఆ చివరి ఏడాది మామగారు వంటింటి చుట్టూ తిరగడం ఎక్కువైంది. చేపలు కూడా ఆయనే తెస్తున్నారు. తెచ్చినవాటి మొప్పలు ఎత్తి ఆయనే వాసన చూస్తున్నారు. ఒకటి రెండుసార్లు అత్తగారు స్నానానికి వెళ్లినప్పుడు దాక మూత తీసి, చెంచాతో పులుసు తీసి నోట్లో పోసుకుంటూ నాకు దొరికిపోయారు. నన్ను చూసి పొలమారింది కూడా. "రిటైరయ్యాక మామయ్యగారికి ఆకలి పెరిగిందండీ" అని నేను మా ఆయనతో అంటే ఆయన నవ్వారు. వయసు మీద పడ్డాక కొందరికి జిహ్వచాపల్యం వస్తుందని విన్నాను. అదే అనుకుని, అత్తయ్యకి తెలిస్తే దాక మొత్తం ఆవుకి పోతుందని భయపెట్టి ఆయన్ని ఏడిపించేదాన్ని.

అత్తగారిలో కూడా మార్పు వచ్చింది. మాట తగ్గింది. పొద్దున్నే తలనొప్పి అని నుదుటికి గుడ్డ కట్టుకునేవారు. పండక్కి కొన్న చీర మడత కూడా విప్పలేదు. అరవై దాటాయి కదా, ఆ పొయ్యి వేడికి అలాగే ఉంటుందని అందరం అనుకున్నాం.

నా ఉద్యోగం యూసుఫ్‌గూడలో ఒక శిక్షణ కేంద్రంలో. పై దేశాల నుంచి వచ్చినవాళ్లకి చిన్న చిన్న వ్యాపారాలు నడపడం నేర్పేవారు అక్కడ. వాళ్లకి గదులు చూపించడం, సిమ్ కార్డులు ఇప్పించడం, కారం తిని ఏడిస్తే పెరుగన్నం పెట్టించడం నా పని. ఆ వేసవి బ్యాచిలో కరీబియన్ సముద్రంలోని ఒక చిన్న దీవి నుంచి ఒకావిడ వచ్చింది. వెస్టిండీస్ అంటే మా వాళ్లందరికీ క్రికెట్టే. మా డ్రైవరు మొదటి రోజే ఆవిడ్ని ఫాస్ట్ బౌలర్ల గురించి అడిగాడు. తనకి క్రికెట్టు తెలియదనీ, తనకి చేపలు తెలుసనీ చెప్పింది. అప్పుడే నాకు నచ్చింది.

వాళ్లది జాలర్ల పల్లె. పెద్ద పెద్ద ఓడల్లో షికారుకొచ్చే వాళ్లని పడవల రేవు దగ్గర కలుసుకుని, ఊళ్లో ఇల్లిల్లూ తిప్పి, ప్రతి ఇంటి దగ్గరా సముద్రపు తిండి కొంచెం కొంచెం రుచి చూపించడం ఆవిడ వ్యాపారం. క్లాసులో ఒకరోజు దాని గురించి చెప్పింది. మొదటి ఇంట్లో శంఖం. బతికున్న శంఖాన్ని సుత్తితో పగలగొట్టి, లోపలి మాంసం లాగి, చెక్కసుత్తితో మెత్తగా దంచి, నిమ్మరసం, మిరపకాయ కలిపి పచ్చిదే పెడతారట. శంఖం అంటే పూజగదిలో ఉండేదని తెలిసిన మా ఆఫీసు పెద్దాయన వెనక కూర్చుని లెంపలేసుకున్నాడు. తరవాతి ఇంట్లో ఆయిలు పీపాని సగానికి కోసి, అందులో కట్టెల పొగ మీద కాల్చిన చేపలు. చివర్లో వాళ్ల ఇంట్లో, పచ్చి అరటికాయలు వేసి కాచిన చేపల చారు.

ఆ తిప్పడంలో ఒక కట్టుబాటు ఉంది. ఏ ఇంట్లోనైనా వండినవాళ్లు అందరి ముందూ మొదటి ముద్ద తినాలి. ఆ తరవాతే వచ్చినవాళ్లు చెయ్యి పెట్టాలి. ఓడల్లో వచ్చినవాళ్లు అదేదో వేడుక అనుకుని ఫోటోలు తీసుకుంటారట. దాని వెనక ఆవిడ అన్న ఉన్నాడు. వాళ్ల సముద్రంలో రాళ్ల మధ్య తిరిగే పెద్ద చేపల్లో అప్పుడప్పుడు ఒక విషం ఉంటుంది. వాసనకి తెలియదు, రుచికి తెలియదు, ఉడికించినా పోదు. వాళ్లన్న అలాంటిది తిన్నాడు. చల్లటి నీళ్లు ముట్టుకుంటే నిప్పు ముట్టుకున్నట్టు చెయ్యి మండేది. ఎన్ని నెలలైనా తగ్గలేదు. తడి తగిలితే వణికిపోయే మనిషి ఇంక పడవేం ఎక్కుతాడు. రేవు దగ్గర స్టూలు మీద కూర్చుని వలలు అల్లుతుంటాడు. ఆ ఏడాది నుంచి ఊళ్లో ఈ పద్ధతి పెట్టుకున్నారు. "మేం తిననిది మీకు పెట్టం అని మాట ఇవ్వడం, అంతే," అందావిడ.

కోర్సు చివర్లో ప్రతివాళ్లూ ఇక్కడే ఒక వ్యాపారం చేసి చూపించాలి. ఆవిడ అమీర్‌పేట, పంజాగుట్టల్లో చేపల రుచుల నడక ఒకటి పెడతానంది. తనతో చదివే వాళ్లే పర్యాటకులు. మొదట పంజాగుట్ట హోటల్లో కొర్రమీను వేపుడు, తరవాత టైలరు ఇంట్లో వాళ్లావిడ చేసే చేపల కూర, చివర్లో మా అత్తగారి చింతచిగురు రొయ్యలు. అడగడానికి ఆవిడ్ని మా ఇంటికి తీసుకొచ్చాను. అత్తగారు సంబరపడ్డారు. చాలాకాలం తరవాత ఆవిడ ముఖంలో ఆ కళ చూశాను. నేను తర్జుమా చేస్తూ, చివర్లో వాళ్ల కట్టుబాటు గురించి చెప్పాను.

"నేను ముందు తినడం ఏంటమ్మాయ్?" అన్నారు అత్తగారు. "ఇంటికొచ్చినవాళ్లు తినకుండా నేను తింటే అది నా ఎంగిలి అవుతుంది. ఎంగిలి పెట్టి పంపిస్తానా వాళ్లని?"

నేను నోరు తెరిచేలోపు మామగారు అందుకున్నారు. "దానికేముంది, నేను తింటాను ముందు. ఇంటి పెద్దని. వాళ్లకి చెప్పు."

చెప్పాను. ఆవిడ నవ్వి తల అడ్డంగా ఊపింది. వండినవాళ్లే తినాలట. మామగారి ముఖం వాడిపోయింది. ముసలాయనకి రొయ్యలు మొదట తినే అవకాశం పోయిందని నేను లోపల నవ్వుకున్నాను. అత్తగారు కాసేపు ఆలోచించి, "సరేలే, వాళ్ల ఆచారం వాళ్లది. ఒక్క రోజుకి తింటాను" అన్నారు.

ఆ ముందు రోజు సాయంత్రం మామగారు రొయ్యలు తెచ్చి, ఒలిచి, పసుపూ ఉప్పూ రాసి ఫ్రిజ్‌లో పెట్టారు. మర్నాడు పొద్దున్నే పింఛను పని మీద మాసబ్ ట్యాంక్ వెళ్లాలి ఆయన. రమ్మన్న రోజు తప్పితే మళ్లీ ఎప్పుడు పిలుస్తారో తెలియదు. ఆ రాత్రి మా వీధి ట్రాన్స్‌ఫార్మర్ పేలింది. ఎండాకాలం. అందరం మేడ మీద పడుకున్నాం. తెల్లారినా కరెంటు రాలేదు. మామగారు తయారై వెళ్లిపోయారు. మా ఆయన క్లాసులకి వెళ్లారు. అత్తగారు పొయ్యి వెలిగించకముందే నేను యూసుఫ్‌గూడ బయల్దేరాను.

నడక బాగానే సాగింది. పంజాగుట్ట హోటల్లో వంటాయన మొదటి ముక్క తిని, అందరూ చప్పట్లు కొడితే సిగ్గుపడ్డాడు. టైలరు ఇంట్లో ఇంకా బాగుంది. వాళ్లావిడ కొంగు అడ్డం పెట్టుకుని ఒక ముద్ద తింది. "ఇన్నేండ్లల్ల ఇది నాకంటె ముందు తినుడు ఇయ్యాలనే చూస్తున్న," అన్నాడు టైలరు. నేను దాన్ని ఇంగ్లీషులోకి మారిస్తే అందరూ నవ్వారు. ఆ పూట దుకాణం తెరవకుండా అతను కూడా మాతో వచ్చాడు. పెద్దమ్మ చేతి రొయ్యలు వదులుకుంటానా అన్నాడు.

మా గుమ్మంలో అడుగుపెట్టగానే గప్పున కొట్టింది. చింతచిగురు పుల్లటి వాసన కింద నుంచి ఇంకోటి. చెడిపోయిన రొయ్యల వాసన ఒకసారి తగిలితే ఇంక పొరపాటు పడటానికి లేదు. దీవి ఆవిడ గుమ్మంలోనే ఆగిపోయింది. నా వెనకున్నవాళ్లు ముక్కు మీద చెయ్యి పెట్టుకున్నారు.

లోపల అత్తగారు మడత విప్పని ఆ పండగ చీర కట్టుకుని, పీట మీద దాక పెట్టి, మూత తీసి నిలబడి ఉన్నారు. అరిటాకు ముక్కలు కడిగి వరసగా పరిచారు. ఆ వాసనలో నిలబడి ప్రశాంతంగా నవ్వుతున్నారు.

"రండమ్మా, లోపలికి రండి. ఎండన పడి వచ్చారు," అన్నారు.

ఏం చెప్పాలో, ఇంతమంది ముందు ఆవిడకి ఎలా చెప్పాలో నాకు తోచలేదు. మేం మాట్లాడకపోయేసరికి, మేము ఆగింది వాళ్ల కట్టుబాటు కోసం అనుకున్నారావిడ.

"మర్చిపోలేదులే. నేనే ముందు," అని ఆకులోకి రొయ్యలు తీసుకుని, అన్నంతో కలిపి, ముద్ద నోట్లో పెట్టుకున్నారు.

"పెద్దమ్మా, ఆగు. గవి తినకు," అన్నాడు టైలరు. "వాసనొస్తున్నది."

ఆవిడ నములుతూనే అతని వంక చూశారు. మింగారు. "ఏం వాసన? చింతచిగురు లేతదే. ఉప్పు కాస్త తగ్గింది గానీ, బాగానే ఉంది," అన్నారు.

ఆ మాట అన్నప్పుడు ఆవిడ ముఖం నాకు ఇప్పటికీ కళ్ల ముందే ఉంటుంది. మేం ఎవరం నవ్వకపోవడం, ఎవరం ముందుకి రాకపోవడం చూసి మెల్లగా ఆ ముఖం మారింది. రెండో ముద్ద పట్టుకున్న చెయ్యి ఆకు మీదకి దిగింది. ఆవిడకి తెలిసిపోయింది. ఆవిడకి ఏదో ఒక రోజు ఇలా అందరి ముందూ బయటపడుతుందన్న భయం ఎప్పటి నుంచో ఉందని నాకు అప్పుడు తెలియదు.

దీవి ఆవిడ నన్ను తప్పించుకుని లోపలికి వెళ్లింది. అత్తగారి చెయ్యి కడిగింది. పీట మీద కూర్చోబెట్టి, వంటింటి అలమారలో డబ్బాలు ఒక్కొక్కటే మూత తీసి వాసన చూసింది. ఒకటి తీయగానే వెనక్కి తగ్గి దగ్గింది. ఇంగువ. ఆ డబ్బా తెచ్చి, అత్తగారిని కళ్లు మూసుకోమని సైగ చేసి, ముక్కు కింద పెట్టింది. గది మొత్తం ఇంగువ కమ్మేసింది.

"అదేంటో చెప్పమని అడుగు," అంది నాతో.

అడిగాను. అత్తగారు గట్టిగా పీల్చారు. మళ్లీ పీల్చారు. బడిలో జవాబు రాని పిల్లలా పెదవి కొరుక్కున్నారు.

"పసుపా అమ్మాయ్?" అన్నారు.

మామగారు మధ్యాహ్నం వచ్చేసరికి అత్తగారికి వాంతులు పట్టుకున్నాయి. ఆయన గుమ్మంలోనే వాసన పసిగట్టి, దాక వంక, పరిచిన ఆకుల వంక చూసి, చెప్పులు విడవకుండానే కూలబడిపోయారు. ఏమైందని నన్ను ఒక్క మాట అడగలేదు. అడగాల్సిన మనిషి అడగకపోయేసరికి, ఈయనకి ముందే ఏదో తెలుసని నాకు మొదటిసారి అనిపించింది.

వాంతులు రొయ్యల వల్లే, రెండు రోజుల్లో తగ్గాయి. కానీ దీవి ఆవిడ నన్ను వదల్లేదు. కడుపుకి కాదు, ముక్కుకి డాక్టర్ని చూపించమని రోజూ ఆఫీసులో వెంటపడింది. పంజాగుట్టలో పెద్దాసుపత్రికి తీసుకెళ్లాం. ముక్కు చూసినాయన తలకి స్కానింగ్ రాశారు. నుదుటి ఎముక వెనకాల, మెదడు కింద గడ్డ ఉంది. నిమ్మకాయ కన్నా పెద్దది. తలనొప్పులు, మాట తగ్గడం, దేని మీదా మనసు లేకపోవడం అన్నీ దానివల్లే.

"ఇది నెమ్మదిగా పెరిగే గడ్డ," అన్నారు డాక్టరు. "మొట్టమొదట వాసనే పోతుంది. అప్పుడే తెచ్చి ఉంటే చిన్నగా ఉండేది, తీయడం తేలికయ్యేది. ఇంట్లో ఇన్ని రోజులు ఎవరూ గమనించలేదా? వంట చేసే మనిషి కదా."

మా ఆయన లేదన్నారు. మామగారు చేతిలో ఉన్న స్కానింగ్ కవరు వంక చూస్తూ కూర్చున్నారు. బయటికొచ్చాక వరండాలో బెంచీ మీద కూర్చుని చెప్పారు.

ఏడాదిన్నర కిందట ఒకరోజు పాలు మాడిపోతుంటే అత్తగారు ఆ పొయ్యి పక్కనే వీపు తిప్పుకుని బియ్యం ఏరుతున్నారట. ఈయన పరిగెత్తుకొచ్చి కట్టేశారు. అప్పుడే ఇద్దరికీ తెలిసింది. ఆవిడ ఏడ్చారట. ఎవరికీ చెప్పొద్దని ఆయన చేత ఒట్టు వేయించుకున్నారట. వాసన తెలియని దాన్ని వంటింట్లో ఎవరు ఉండనిస్తారు అన్నారట. రుచి చూసి వండమని ఈయన అంటే, ఎంగిలి చేసి పెట్టలేను అన్నారట. అందుకని ఆవిడ ఉప్పు కొద్దిగా తక్కువే వేసి స్నానానికి వెళ్లేవారు. ఈయన చెంచాతో చూసి, సరిచేసి, మూత పెట్టేవారు. రోజూ అంతే. ఆవిడ ఆ మాట ఎత్తేవారు కాదు, ఈయనా ఎత్తేవారు కాదు.

"కరెంటు పోయింది, ఆ రొయ్యలు పారేసి కొత్తవి తెప్పించు అని చెప్పే వెళ్లానమ్మా," అన్నారు మామగారు. "'నా ముక్కుకి తెలియదా' అంది. పొద్దున్నే ఆ మాటకి ఎదురు చెప్పలేకపోయాను."

నాకు ఒళ్లు మండిపోయింది. ఆ వరండాలో, రోగుల మధ్య, జీవితంలో మొదటిసారి ఆయన మీద గొంతు లేపాను. చదువుకున్నవారు, ఊరందరి పిల్లలకీ పాఠాలు చెప్పినవారు, ఒక ముక్కు పనిచేయడం లేదంటే డాక్టరు దగ్గరికి తీసుకెళ్లాలని తెలియదా అని అడిగాను. ఎవరికి చెప్పొద్దన్నారు, నాకేనా, నేనేమైనా ఆ వంటిల్లు లాక్కుంటానన్నానా అని అడిగాను. మా ఆయన నా చెయ్యి పట్టుకుని పక్కకి లాగారు. నా కోపంలో సగం అత్తగారి మీద. నన్ను చూసి అంత భయపడిందా ఆవిడ అన్న బాధ అది.

ఆపరేషన్ ముందు రోజు ఆవిడకి గుండు చేశారు. చిన్న ముఖం ఇంకా చిన్నదైపోయింది. దీవి ఆవిడ ఊరెళ్లిపోతూ చూడ్డానికి వచ్చింది. తన పద్ధతి వల్లే ఆ పాడు తిండి తినాల్సి వచ్చిందని క్షమించమంది. అది నేను అత్తగారికి తెలుగులో చెప్పాను. "లేకపోతే ఇప్పటికీ తెలిసేది కాదు కదమ్మా. వాళ్లన్నకి చేతులు ఎలా ఉన్నాయో అడుగు," అన్నారు అత్తగారు. అలాగే ఉన్నాయని చెప్పింది ఆవిడ. ఒకరి భాష ఒకరికి రాకపోయినా ఇద్దరూ కాసేపు చేతులు పట్టుకుని కూర్చున్నారు.

ఆవిడ వెళ్లాక అత్తగారు నన్ను దగ్గరికి పిలిచారు. "మీ మామయ్య మీద అరిచావట. ఆయన్నేమీ అనకు. చెప్పొద్దన్నది నేనే."

"ఎందుకు చెప్పొద్దన్నారు?" అని అడిగాను.

"ఇంకేముందే నాకు," అన్నారు. "ఆ పిల్లలు సాయంత్రం అయ్యేసరికి గిన్నెలు పట్టుకుని వస్తారు కదా. అది పోతే పొద్దున్నే లేచి ఏం చేయను?"

ఏడుపు ఆపుకోలేకపోయాను. బతికి రండి, వంటిల్లు మీదే, వాసన నేను చూస్తాను, కావాలంటే ఉల్లిపాయలు కూడా నేనే తరుగుతాను అన్నాను. ఆవిడ నవ్వారు. దాకలో గరిట పెట్టకు, ముక్క చెదురుతుంది, గుడ్డతో అంచులు పట్టుకుని తిప్పు అన్నారు. అదే ఆవిడ నాతో అన్న చివరి మాట.

ఆపరేషన్ చాలాసేపు చేశారు. గడ్డ తీశారు కానీ వాపు దిగలేదు. డాక్టర్లు చేయాల్సిందంతా చేశారు. ఆవిడకి తెలివి రాలేదు. మూడో రోజు పోయారు. సాయంత్రం మా షట్టరు ముందు ఇద్దరు ముగ్గురు పిల్లలు ఎప్పట్లాగే గిన్నెలతో వచ్చి నిలబడితే, టైలరే వాళ్లకి చెప్పి పంపించాడు.

పెద్దకర్మ నాడు పోయినవాళ్లకి ఇష్టమైనవి వండి విస్తట్లో పెట్టడం మా వైపు పద్ధతి. చేపల పులుసు నేనే పెడతానన్నాను. ఊరి నుంచి వచ్చిన పెద్ద ముత్తైదువలు వంటింటి గుమ్మంలో కూర్చుని కాపలా కాశారు. పోయినవాళ్లకి పెట్టేది వండేటప్పుడు నాలుక మీద వేసుకోకూడదు, ఎంగిలైతే వాళ్లకి చేరదు, జాగ్రత్త అని ఒకటికి రెండుసార్లు చెప్పారు. నాకు కొత్తగా చెప్పాలా. ఆవిడ దాకలోనే చింతపండు పులుసు పోసి, ముక్కలు వేసి, గరిట పెట్టకుండా గుడ్డతో అంచులు పట్టుకుని తిప్పాను. ఉప్పు అందాజుగా వేశాను. దించే ముందు మూత పక్కకి జరిపి ఆవిడ వంచినట్టే ముఖం వంచి, కళ్లు మూసుకుని పీల్చాను. చేప వాసన తెలిసింది, మెంతుల వాసన తెలిసింది. ఉప్పు సంగతి ఏమీ తెలియలేదు. ఆవిడకి ఎలా తెలిసేదో నాకు ఎప్పటికీ తెలియదు.

విస్తరి పరిచారు. మామగారు కొత్త పంచె కట్టుకుని మేడ మీద నుంచి దిగి వచ్చారు. ఆ పదిరోజుల్లో ఆయన ఎవరితోనూ సరిగ్గా మాట్లాడలేదు. అందరి మధ్య నుంచి తిన్నగా వంటింట్లోకి వచ్చి, నా పక్కన నిలబడి, దాక మూత తీశారు. గూట్లో ఉన్న చెంచా తీశారు. పులుసు తీసి, ఊది, నోట్లో పోసుకున్నారు.

గుమ్మంలో ముత్తైదువలు నోటి మీద చెయ్యి వేసుకున్నారు. "అయ్యో, అన్నయ్యగారూ, ఎంగిలి" అని ఒకావిడ అంది. మా ఆయన ముందుకి రాబోతే నేను చెయ్యి అడ్డం పెట్టాను.

మామగారికి ఎవరూ కనబడలేదు. పులుసు నాలుక మీద ఉంచుకుని కాసేపు చూశారు. ఉప్పు డబ్బా మూత తీసి, ఒక చిటికెడు తీసి, దాక చుట్టూ వేశారు. గుడ్డతో అంచులు పట్టుకుని ఒకసారి తిప్పారు. మళ్లీ మూత పెట్టేశారు.

"ఇప్పుడు సరిపోయింది," అన్నారు నాతో మెల్లగా. "స్నానం చేసి వచ్చేస్తుంది. చెప్పకు."